నడిమి వేలు దగ్గర తప్పిన తాళం

ఈ ఏడాది ఎండలు ముదిరే వేళకి నాకు ఒకచోట కాలు నిలవడం మానేసింది. కారణం మా మేనత్త కొడుకు. బావ ఇండోనేషియాలో ఓడలు కట్టే యార్డులో వెల్డరు. అక్కడి పాటలు నా ఫోనుకి పంపిస్తుంటాడు. వాటిని డాంగ్‌డుట్ అంటారట. డోలు మోత చెవికి ఎలా వినిపిస్తే అదే దాని పేరు. వింటే మన పాత సినిమా పాటల తబలాకి దగ్గర చుట్టం అనిపిస్తుంది. పాడే పిల్ల ఒంటికి పట్టిన లేసు జాకెట్టు, నడుముకి బాతిక్ అద్దకం గుడ్డ, కాళ్లకి తెల్ల బూట్లు వేసుకుంటుంది. నేనూ అలాంటి జాకెట్టు కుట్టించుకోబోతే అరసవల్లి టైలరు "పెళ్లికా, నాటకానికా అమ్మా?" అన్నాడు. వాళ్ల దెయ్యాల సినిమాలు కూడా చూస్తాను. భయపడేది తక్కువ, బట్టలు చూసేది ఎక్కువ.

ఇంట్లో మాత్రం సంగీతం అంటే నాన్నదే. శ్రీరామనవమికి మా వీధి గుడిలో కల్యాణం పాటలు తాతల నాటి నుంచీ మావాళ్లే పాడతారు. ఆయన పక్కన కూర్చుని పాడాలని నాకు చిన్నప్పటి నుంచీ ఆశ. కానీ నాన్న పరీక్ష గొంతుకి కాదు, చేతికి. పాడేవాళ్లు తొడ మీద తాళం వేసే చేతి మీదే ఆయన చూపు. తాళం తప్పిందా, ఆ ఏడాదికి ఇక గుడిలో పాట లేనట్టే.

పండక్కి ముందు ఒక పొద్దున్న నన్ను కూర్చోబెట్టారు. ఆది తాళం. దెబ్బ, చిటికెన వేలు, ఉంగరం వేలు. నడిమి వేలు లెక్కపెట్టాల్సిన చోట అరచెయ్యి మొత్తం ఠప్పున తొడ మీద పడింది. మళ్లీ మొదలుపెట్టాను, మళ్లీ అక్కడే పడింది. గొంతు బాగానే ఉంది, చెయ్యే నా మాట వినలేదు. నా మీద నాకే ఒళ్లు మండింది.

"ఏటే ఆ సెయ్యి?" అన్నారు నాన్న.

దాచలేక ఫోనులో బావ పంపిన పాట పెట్టాను. అందులో డోలు దెబ్బ గట్టిగా పడేది సరిగ్గా ఆ నడిమి వేలు దగ్గరే. నాన్న ఆఖరి దాకా విని మళ్లీ పెట్టమన్నారు.

"బాగున్నాదే. మంచి డోలు."

ప్రాణం లేచొచ్చింది. "అయితే నవమికి కూకోనా నాన్నా?"

"వద్దమ్మా. నీ మనసు అక్కడున్నాది. దేవుడి ముందు సగం మనిషివై కూకోడం ఎందుకు? నీకు నచ్చిందే నేర్సుకో. నేనేటీ అనను."

తిడతారని ఎన్ని జవాబులు సిద్ధం చేసుకున్నానో! తిట్టి ఉంటే పోట్లాడేదాన్ని. వదిలేస్తే ఎవరితో పోట్లాడను?

నవమి నాడు నాన్న ఒక్కరే పాడారు. నేను ఆడవాళ్ల మధ్య కూర్చుని ప్రతి పాటా లోపల్లోపలే పాడుకున్నాను. తొడ మీద నా తాళం ఒక్కచోట కూడా తప్పలేదు. నాన్న ఇటు చూడలేదు.