బాబాయి మానేసిన కాఫీ

నా చిన్నప్పుడు మా బాబాయికి కాఫీ పడందే పొద్దు పొడిచేది కాదు. జగ్గయ్యపేటలో ఆయనకి చిన్న ప్రెస్సు ఉండేది. పెళ్ళికార్డులు వేసుకుంటూ హాయిగా ఉండక, ఎమర్జెన్సీ రోజుల్లో ప్రభుత్వాన్ని ఎండగడుతూ ఎవరో రాసిన కరపత్రం అచ్చువేశాడు. మర్నాడే పోలీసులొచ్చి పట్టుకుపోయారు. తప్పయిందని రాసిన కాగితం మీద సంతకం పెడితే వదిలేస్తామన్నారట. ఆయన పెట్టలేదు. చూస్తుండగానే ఏడాది గడిచింది.

ఎలాగైనా ఆ సంతకం పెట్టించి కొడుకుని ఇంటికి తెచ్చుకోవాలని మా నాయనమ్మ జైలుకి బయల్దేరింది. నాకప్పుడు ఎనిమిదేళ్ళు. నన్ను చూస్తే బాబాయి మనసు కరుగుతుందని వెంట తీసుకెళ్ళింది. ఎప్పుడు ఏడవాలో బస్సులోనే నేర్పింది, పాపం.

అక్కడి ఆఫీసరు మహా మర్యాదస్తుడు. బాబాయి వచ్చి కూర్చోగానే బల్లమీద కాగితం, పెన్ను, వాటి పక్కనే పొగలుగక్కే కాఫీ పెట్టించాడు. ఆ వాసనకి నాకే నోరూరింది. బక్కచిక్కిన బాబాయి గ్లాసు వంక చూసి నవ్వి, నా ముందుకి జరిపాడు.

"నువ్వు తాగు తల్లీ. నేను ఇక్కడికొచ్చిన రోజే మానేసా."

"కాఫీ మానడమేంట్రా, నీకేం పోయేకాలం!" అంది నాయనమ్మ.

"మొదటి వారం తలనొప్పితో చచ్చిపోయానమ్మా. ఇక ఇది చూపించి నన్నెవరూ ఆడించలేరు."

ఏడవాల్సిన సంగతే మర్చిపోయి నేను గ్లాసు ఖాళీ చేశాను. ఆఫీసరు కాగితం సొరుగులో పెట్టేసుకున్నాడు. నాయనమ్మ నోట సంతకం మాటే రాలేదు. తిరుగు బస్సులో విజయవాడ దాటేదాకా కళ్ళు తుడుచుకుంటూనే ఉంది. కంచికచర్ల వచ్చాక మాత్రం, పక్కసీటావిడ అడక్కుండానే, "మా చిన్నాడు జైల్లో ఉన్నాడండి. ఎవరికీ లొంగడు" అని చెప్పింది. బస్సులో అలాంటి మాట అనడానికి ఆ రోజుల్లో గుండె కావాలి.

ఎమర్జెన్సీ ఎత్తేశాక బాబాయి ఇంటికొచ్చి మూడు గ్లాసుల కాఫీ వరసపెట్టి తాగాడు. నాయనమ్మ ముఖం చూసి తీరాలి ఆవేళ.

నేను నందిగామలో ముప్ఫయ్యేళ్ళు ప్రభుత్వోద్యోగం చేశాను. ఆశ చూపించి ఫైలు కదిలించుకుందామని వచ్చినవాళ్ళకి లోటేం లేదు. నేనేం దేవతని కాను, మనసు లాగేది. అలా లాగినప్పుడల్లా, వాళ్ళు ఇస్తామన్నది లేకుండా బాబాయిలా ఒక్క వారం ఉండి చూద్దాం అనుకునేదాన్ని. ఎనిమిదో రోజుకి ఆ ఆశ చల్లారి, వాళ్ళు నాకు మామూలు మనుషుల్లా కనపడేవారు. నవ్వుతూ కూర్చోబెట్టి, కుదరదండీ అని చెప్పేదాన్ని.