రెండో ప్రతివాది

హైకోర్టు ఆర్డరు జేబులో పెట్టుకొని ఈ రోజు ఉదయం తోటపల్లి గూడూరు అవతల, సముద్రం ఒడ్డున ఉన్న బడికి వెళ్ళాను. నిరుడు నేను అక్కడ చేరకముందే ప్రభుత్వం నా నియామకం రద్దు చేసి, ఆ ఉద్యోగం వేరొకాయనకు ఇచ్చింది. ఆ రద్దు చెల్లదని కోర్టు తేల్చింది. ఆయన నాకు కేసు కాగితాల్లో రెండో ప్రతివాదిగానే తెలుసు.

గంట కొట్టినా బడిలో ఆయన తప్ప ఒక్క పిల్లవాడూ లేడు. ఈయనే రావద్దని చెప్పి ఉంటాడనుకున్నాను. ఒళ్ళు మండింది.

“పడవలు ఇంకా రాలేదు మాస్టారూ,” అన్నాడాయన. “వలల్లో చేపలు తీసిచ్చినాకనే పిల్లోళ్ళు వస్తారు. అందాకా హాజరు పిలవబాకండి. పిలిస్తే రోజూ అందరికీ గైరుహాజరే పడతాది.”

కాసేపటికి పిల్లలు తడి చేతులు చొక్కాలకు తుడుచుకుంటూ వచ్చి, మా ఇద్దరినీ చూసి నిలబడిపోయారు. కూర్చోమన్నాను. ఎవరూ కూర్చోలేదు.

“అయ్యవారు చెప్పినారు గదా, కూర్చోండి” అని ఆయన అన్నాక కూర్చున్నారు.

సుద్దముక్క నా చేతిలో పెట్టి బయటికి నడిచాడు. సాగనంపడానికి వెంట వెళ్ళాను. సైకిలెక్కబోతూ ఆగాడు.

“మీ వకీలు పేరేంది మాస్టారూ?”

ఆయన కేసు వేస్తే ఈసారి ప్రతివాదిని నేనే. అయినా హైదరాబాదు అడ్రసుతో సహా చెప్పాను. విన్నప్పటి నుంచి మా ఆవిడ నాతో మాట్లాడటం లేదు.

మీరైతే చెప్పేవారా?