కో కేర్ గుమ్మం మీది పేర్లు

దయ్యాలున్నాయని నేనెప్పుడూ నమ్మలేదు. ఈ సంగతి జరిగాక కూడా నమ్మడం మొదలుపెట్టలేదు. నేను మత్తు డాక్టర్ని. మనిషిని స్పృహ లేకుండా చేసి, ఆపరేషన్ అయ్యాక మళ్ళీ ఇవతలికి తీసుకురావడం నా పని. చెవి దగ్గర వంగి పేరు పెట్టి పిలుస్తాం. మొదట ఏమీ ఉండదు. రెండోసారో మూడోసారో ఎక్కడో లోతులోంచి "ఊఁ" అని వస్తుంది. ఆ ఊఁ నేను కొన్ని వేలసార్లు విన్నాను. అది ఎలా ఉంటుందో నాకు తెలుసు. కాబట్టి నేను విన్నదాన్ని గురించి నా మాట కొంచెం నమ్మవచ్చు.

అరవైల చివరి సంవత్సరాలు. మా ఆయన విశ్వం, నేను నాటింగ్‌హామ్‌లో ఒకే హాస్పిటల్లో పనిచేసేవాళ్ళం. ఆయన ఛాతీ జబ్బుల వార్డులో రిజిస్ట్రార్, అంటే పెద్ద డాక్టరు కింద పనిచేసే డాక్టరు. ఆయనది తెనాలి, నాది కాకినాడ. హాస్పిటల్ వాళ్ళిచ్చిన ఫ్లాట్‌లో ఉండేవాళ్ళం. గ్యాస్ హీటర్ ముందు కూర్చుంటే మోకాళ్ళు కాలేవి, వీపు గడ్డకట్టేది.

ఒక చలికాలం ఆయన లైబ్రరీ నుంచి కంబోడియా గుళ్ళ మీద ఒక పుస్తకం తెచ్చారు. అందులో ఒక శాసనం ఫొటో ఉంది. దాన్ని లైటు కింద పెట్టి నన్ను పిలిచారు.

"సుభద్రా, ఇలా రా. ఈ అక్షరానికి తలకట్టు ఉంది చూడు."

నిజంగానే ఉంది. మన అక్షరాలూ వాళ్ళవీ ఒకే తల్లి పిల్లలట. ఆ రోజు నుంచి ఆయనకదే ధ్యాస. వాళ్ళ పాత ఖ్మేర్ భాష అక్షరాల పట్టిక ఎక్కడినుంచో సంపాదించి, డ్యూటీ దిగి వచ్చాక బడిపిల్లాడిలా దిద్దేవారు. మార్చి వచ్చేసరికి అర్థం తెలియకపోయినా అక్షరాలు కూడబలుక్కుని చదవగలిగారు. పక్కన కూర్చుని కూర్చుని నాకూ సగం వచ్చేసింది.

మూడేళ్ళుగా ఇంటికి వెళ్ళలేదు. మరుసటి చలికాలం సెలవు దొరికితే నేరుగా కాకినాడ వెళదామన్నాను. దారిలో నాలుగు రోజులు కంబోడియాలో ఆగుదామన్నారు ఆయన. దారిలో అన్న మాట అబద్ధం, అది దారిలో లేదు. నెల రోజులు వాదించుకున్నాం. చివరికి నేనే సరేనన్నాను. ఆయన ఏదైనా అంతగా కోరుకోవడం నేను చూడటం పెళ్ళయ్యాక అదే మొదటిసారి.

కంబోడియాలో సియం రీప్ అనే ఊరికి వెళ్ళినవాళ్ళందరూ అక్కడికి దగ్గరలోని పెద్ద గుడి చూసి వస్తారు. మేమూ చూశాం. కానీ ఆయన పుస్తకంలోని శాసనం ఉన్నది కో కేర్‌లో. అడవిలో, వెళ్ళి రావడానికి రోజంతా పట్టే దూరంలో. హోటల్లో అడిగితే అక్కడికి ఎవరూ వెళ్ళరన్నారు. రెండు రోజులు తిరిగి సొఖోమ్ అనే అతన్ని పట్టుకున్నాం. నలభై ఏళ్ళ మనిషి, ఒకప్పుడు పల్లెలో బడిపంతులు, ఇప్పుడు సొంత జీపు నడుపుతున్నాడు. ఫ్రెంచ్ బాగా వచ్చు, ఇంగ్లీష్ కొంచెం. ఒకే ఒక షరతు పెట్టాడు. మధ్యాహ్నం రెండింటికల్లా తిరుగు ప్రయాణం కావాలి. చీకటి పడితే ఆ ఇసుక దారి కనిపించదు.

తెల్లవారకముందే బయలుదేరి పది దాటాక చేరాం. దారిలో మూడుసార్లు దిగి జీపు తోశాం.

అక్కడ మనుషులెవరూ లేరు. ఎర్ర ఇటుకల ద్వారగోపురం ఒకటి, సగం కూలి, పైకప్పు లేకుండా నిలబడి ఉంది. లోపలికి తొంగిచూస్తే ఆకాశం, గడ్డి, పడిపోయిన ఇటుకలు. దాని రాతి గుమ్మం మాత్రం చెక్కుచెదరలేదు. గుమ్మానికి రెండు పక్కలా పైనుంచి కింద దాకా అక్షరాలు.

విశ్వం దాని ముందు చాలాసేపు ఊరికే నిలబడ్డారు. తర్వాత పట్టిక తీసి, వేలితో గీత గీతనూ తడుముతూ చదవడం మొదలుపెట్టారు. మొదట్లో ఉన్నది ఏమిటో తెలియలేదు. తర్వాత రెండు మాటలే మళ్ళీ మళ్ళీ వస్తున్నాయి. సి, తై, తై, సి. వాటి వెనక వచ్చేవి పేర్లని ఆయన పుస్తకంలో చదివారు. గుడికి ఇచ్చేసిన పనివాళ్ళ పేర్లు. మగవాళ్ళకు ముందు సి, ఆడవాళ్ళకు తై.

"సి కందిన్," అని చదివారు ఆయన.

లోపలినుంచి "ఊఁ" అని వినిపించింది.

ప్రతిధ్వని అనుకున్నాం. ఆయన తర్వాతి పేరు చదివారు. "తై పండన్." మళ్ళీ ఊఁ. ఈసారి ఆడగొంతు.

ఆయన నా వైపు చూశారు. నేను అప్పుడు భయపడలేదు. ఎవరో ఆటపట్టిస్తున్నారనుకుని లోపలికి వెళ్ళి చూశాను. నాలుగు గోడలు, గడ్డి. దాక్కోవడానికి చోటు లేదు. బయటికి వచ్చి చప్పట్లు కొట్టాను, ఏమీ లేదు. "సుభద్రా" అని నా పేరే అరిచాను. "రామారావూ" అని మా నాన్నగారి పేరు పిలిచాను. ఏమీ లేదు. గోడలు లేనట్టే ఉంది.

నేను లోపల నిలబడతాను, మీరు బయటినుంచి చదవండి అన్నాను. ఆయన చదివారు. ఊఁ బయటినుంచి వచ్చింది, ఆయన వెనకనుంచి. తర్వాత అడిగితే ఆయన లోపలినుంచే వచ్చిందన్నారు. ఇద్దరం మళ్ళీ చోట్లు మార్చుకున్నాం. ఎటున్నవాళ్ళకి గుమ్మం అవతలినుంచే వినిపించింది.

అంతలో జీపు నీడలో పడుకున్న సొఖోమ్ లేచి వచ్చాడు.

"మీతో ఇంకా ఎవరు వచ్చారు, మేడమ్?" అని అడిగాడు.

ఎవరూ లేరన్నాను. అతను గుమ్మం వైపు చూసి, మెల్లగా చెప్పులు విడిచాడు.

పదిహేనో పదహారో పేర్లయ్యాక విశ్వం ఆపేశారు. చొక్కా తడిసి వీపుకంటుకుపోయింది. ఒక రాయి మీద కూర్చుని, "చాలు సుభద్రా, వెళ్ళిపోదాం," అన్నారు.

ఇక్కడ నా సంగతి చెప్పాలి. ఆ క్షణంలో నాకు వచ్చిన ఆలోచన శాస్త్రానికి సంబంధించింది కాదు. పిలిచినప్పుడు పలికారు. అలా పలికినవాళ్ళ పక్కన ఇంకా పిలుపు రానివాళ్ళున్నారు. ఆపరేషన్ అయినవాళ్ళుండే రికవరీ గదిలో సగం మందిని లేపి, మిగతావాళ్ళని వదిలేసి టీకి వెళ్ళిపోతానా?

"ఏమండీ, ఆ పట్టిక ఇలా ఇవ్వండి," అన్నాను. "మొదలుపెట్టాం కదా. అందరినీ పిలిచే వెళదాం."

"నీకు పిచ్చా?"

"అయితే అయింది. మీరు గడియారం చూడండి."

నేను చదివాను. ఆయనంత వేగంగా రాదు, ఒక్కో పేరుకి నిమిషం పట్టింది. తప్పు చదివితే నిశ్శబ్దం. సరిచేసి చదివితే ఊఁ. ఆ విషయం నేను ప్రత్యేకంగా గమనించాను. ఒక ముసలి గొంతు, ఒక విసుగు గొంతు, నవ్వాపుకుంటున్నట్టు ఒక పిల్లగొంతు. ఎండ నెత్తి మీదికి వచ్చింది. నా గొంతు బొంగురుపోయింది. విశ్వం కాసేపటికి లేచి వచ్చి నా పక్కన నిలబడి, నాకు తెలియని అక్షరాలు అందించడం మొదలుపెట్టారు.

కుడిపక్క గుమ్మం అడుగున ఆఖరి పేరు. "తై" వరకూ ఉంది. తర్వాత రాయి పెచ్చు ఊడిపోయింది.

"తై..." అని ఆగాను.

జవాబు లేదు. కానీ మామూలు నిశ్శబ్దం కూడా కాదు. తన పేరే వస్తోందని తెలిసి ఊపిరి బిగబట్టిన మనిషి ఎదుట ఉన్నట్టుంది. పెచ్చు మిగిల్చిన గీతలు పట్టుకుని నోటికొచ్చిన పేర్లన్నీ అని చూశాను. ఒక్కటీ కాదు. రెండు దాటి ఇరవై నిమిషాలైంది. సొఖోమ్ వచ్చి, "ఇక వెళ్ళాలి, మేడమ్," అన్నాడు. అతని కళ్ళల్లో నీళ్ళున్నాయి.

హోటల్ దగ్గర దిగాక సొఖోమ్ చిరునామా రాయించుకున్నాను.

కాకినాడలో ఎవరికీ చెప్పలేదు. నాటింగ్‌హామ్ తిరిగొచ్చాక విశ్వం ఆ పుస్తకం లైబ్రరీకి ఇచ్చేసి, ఆ ఊసు మళ్ళీ ఎత్తలేదు. నాకు మాత్రం ఆ ఆఖరి పేరు గుచ్చుకుంటూనే ఉంది. ఆపరేషన్ థియేటర్లో రోగి పేరు పిలిచినప్పుడల్లా గుర్తొచ్చేది. ఆ పేరు ఏమిటో కనుక్కోవాలని నిశ్చయించుకున్నాను.

లండన్‌లో లైబ్రరీలకి ఉత్తరాలు రాశాను. చాలామంది జవాబివ్వలేదు. ఏడాది దాటాక ఒకరు క్రోయిడన్‌లో ఉండే మిసెస్ హార్డింగ్ అనే ముసలావిడ పేరు చెప్పారు. పాత శాసనాలు చదవడమే ఆవిడ జీవితమట. ఒక శనివారం డ్యూటీ మార్చుకుని, రెండు రైళ్ళు మారి వెళ్ళాను. ఆవిడ ఎందుకని అడిగితే ఉత్సాహం కొద్దీ అని అబద్ధం చెప్పాను.

ఆవిడ దగ్గర ఆ గుమ్మం పాత అచ్చు నకలు ఉంది, రాయి చెడకముందు దాని మీద కాగితం ఒత్తి తీసింది. భూతద్దం పెట్టి చూసి చదివారు.

"తై కందస్," అన్నారు. "తర్వాత ఇంకో మాట కూడా ఉందమ్మా. పౌ. అంటే ఒళ్ళో పాలు తాగే బిడ్డ అని. పసివాళ్ళకి పేర్లు రాసేవాళ్ళు కాదు, ఇంకా పనికి రారు కదా. తల్లి పక్కన లెక్కకి రాసేవాళ్ళు."

తిరుగు రైల్లో కిటికీ వైపు తిరిగి కూర్చున్నాను. ఎదుటి సీటావిడ రుమాలు ఇవ్వబోయింది.

ఇంటికొచ్చి పెరట్లో నిలబడి ఒకసారి ఆ పేరు పిలిచాను. ఏమీ లేదు, పక్కింటి కుక్క కూడా పలకలేదు. ఆ రాత్రే సొఖోమ్‌కి ఉత్తరం రాశాను. ఆఖరి పేరు తై కందస్ అని దొరికింది, వీలైతే అక్కడికి వెళ్ళి ఒక్కసారి పిలిచిరమ్మని. బిడ్డ మాట రాయలేదు. మరిచిపోయి కాదు. రాయడానికి చెయ్యి రాలేదు. విశ్వానికీ ఆ మాట చెప్పలేదు.

అప్పటికి వాళ్ళ దేశంలో యుద్ధం మొదలైంది. నా ఉత్తరం చేరిందని కూడా ఆశ పెట్టుకోలేదు. ఏడెనిమిది నెలల తర్వాత నలిగిన కవరు ఒకటి వచ్చింది. లోపల ఫ్రెంచ్‌లో ఒక పేజీ. మా థియేటర్లో మారిషస్ నుంచి వచ్చిన నర్సు ఉండేది. టీ వేళ ఆమెకిచ్చి చదవమన్నాను. ఈ కథ ఆమెకేమీ తెలియదు. చదువుతూ చదువుతూ ఇంగ్లీష్‌లోకి చెబుతూ వచ్చింది.

దారులు మూసేస్తున్నారు, మళ్ళీ వెళ్ళడం కుదరదేమోనని మీ ఉత్తరం అందిన వారంలోనే వెళ్ళాను అని రాశాడు. సైనికులు రెండుచోట్ల ఆపారట. గుమ్మం ముందు నిలబడి పిలిచాడట.

నర్సు అక్కడ ఆగి, మళ్ళీ ఆ వాక్యమే చదువుకుని, "ఇది నాకు సరిగ్గా అర్థమవుతోందో లేదో డాక్టర్," అంది. "ఆవిడ పలికింది అంటున్నాడు. పలికాక, ఆవిడ దగ్గర ఒక చంటిబిడ్డ ఏడ్చిందట, ఆవిడ దాన్ని ఊరుకోబెడుతుంటే విన్నాడట. మేడమ్, బిడ్డ ఉందని మీకు తెలుసా అని అడుగుతున్నాడు."

నేను వెంటనే జవాబు రాశాను. తర్వాత ఇంకో రెండు రాశాను. సొఖోమ్ నుంచి మళ్ళీ ఉత్తరం రాలేదు. ఆ తర్వాతి ఏళ్ళలో అక్కడేం జరిగిందో అందరికీ తెలుసు. అతను బతికాడో లేదో నాకు తెలియదు.

ఉత్తరం చూపిస్తే విశ్వం ఆ నర్సు చేతే రెండుసార్లు చదివించుకుని, అతను ఊహించుకుని ఉంటాడు అన్నారు. ఉండవచ్చు. పౌ అన్న మాట సంగతి అప్పుడే ఆయనకి చెప్పాను. క్రోయిడన్‌లో ఒక ముసలావిడకీ, నాకూ తప్ప తెలియని బిడ్డని, అడవిలో నిలబడి, ఎలా ఊహించుకున్నాడో ఆయన చెప్పలేదు. నేనూ చెప్పలేను.