చేలో తెల్లరాళ్లు

పక్కింటి గోడకు సున్నం కొడుతున్నారు. ఆ తడి వాసనకు ఇప్పటికీ మా చేను గుర్తొస్తుంది.

పెనుకొండ దగ్గర మా చెనిక్కాయ చేలో తాత సమాధి ఉండేది. సమాధంటే ఒక్క రాయి. ఏటా పెద్దల పండగకు అవ్వ దానికి సున్నం పూసేది. ఒకరోజు బడినుంచి వచ్చి చూస్తే చేనంతా అలాంటి తెల్లరాళ్లే.

"ఇంతమంది ఎప్పుడు సచ్చిపోయినారవ్వా?" అన్నాను.

"ఎవురూ సావలేదు. మన చేను ఇండ్ల స్థలమని రికార్డుల్లో మార్చేసినారంట. అవి హద్దురాళ్లు. మీ నాయన కోర్టుకు పోయినాడు."

బీడు పెడితే చేను కాదంటారని, వాన లేకున్నా నాయన ఆ రాళ్ల మధ్యే విత్తనం వేశాడు. అవ్వ చెప్పినా, నాకు మాత్రం చచ్చినవాళ్లకు తిండి పెడుతున్నట్టే అనిపించింది.

కేసు ఓడిపోయాం. అక్కడ వీధులు లేచాయి. తాత ఏ ఇంటి కింద ఉన్నాడో, ఏ దారి కింద ఉన్నాడో తెలియక, అవ్వ బతికినన్నాళ్లూ ఆ వీధుల్లో చెప్పులు విడిచే నడిచింది.