ఇంజన్ మీద అరచెయ్యి

మా మామగారు హరనాథబాబు గారి కారు తాళం ఆయన బనీను జేబులో పిన్నీసుతో గుచ్చి ఉండేది. స్నానానికి వెళ్లేటప్పుడు తీసి దేవుడి గూట్లో పెట్టేవారు. తల తుడుచుకోకముందే మళ్లీ గుచ్చుకునేవారు. ఎప్పుడో ఒకప్పుడు ఇంట్లోవాళ్లు ఆ తాళం లాగేసుకుంటారని ఆయన భయం. ఆ భయానికి కారణం లేకపోలేదు.

నేను ఆ ఇంటికి కోడలిగా వచ్చింది తొంభై తొమ్మిదిలో. మా పుట్టిల్లు కోటగిరి దగ్గర. మా తాతలూ వాళ్ల తాతలూ ఒకే కాలువ నీళ్లను నమ్ముకుని కృష్ణా జిల్లా నుంచి వచ్చినవాళ్లు. కాబట్టి కూరలో కారం దగ్గర నుంచి మాటలో యాస దాకా బాన్సువాడలోని ఆ ఇంట్లో నాకు కొత్తేమీ లేదు. కొత్తది ఒక్కటే, రేకుల షెడ్డులో ఉన్న లేత నీలం ఫియట్. పెళ్లిచూపులకు ఆ కారులోనే వచ్చారు. మామగారు నన్ను ఒకసారి చూసి, ఎండలో నిలబెట్టిన కారును పదిసార్లు చూశారని మా అమ్మ ఇప్పటికీ వెక్కిరిస్తుంది.

ఆయన ఇరవై ఏళ్లకు పైగా ఒక రైసుమిల్లులో ఇంజన్ చూసుకున్నారు. కరెంటు మోటార్లు వచ్చాక మిల్లువాళ్లు ఆ పెద్ద డీజిల్ ఇంజన్‌ను పక్కన పడేశారు, ఈయనా ఇంటికొచ్చేశారు. పొలం మా ఆయన వంశీ చూసుకుంటున్నాడు. చేతులు ఊరికే ఉండలేక, ఎవరో అమ్మేస్తున్న పాత ఫియట్‌ను తెచ్చుకున్నారు. తెచ్చిన నాటి నుంచి ఆ బానెట్ కిందే ఆయన కాపురమని అత్తయ్య లక్ష్మీకుమారి గారి దెప్పు.

పొద్దున కాఫీ తాగగానే బానెట్ ఎత్తేవారు. ముందు ఆయిల్ పుల్ల బయటికి లాగి, పాత పంచె గుడ్డతో తుడిచి, మళ్లీ ముంచి తీసి వెలుతురుకు పెట్టి చూసేవారు. తర్వాత రేడియేటర్ మూత. అందులో పోసే నీళ్ల దగ్గర భార్యాభర్తలకు రోజూ గొడవే. కాలువ నీళ్లలో ఒండ్రు ఉంటుంది, సన్న గొట్టాలు పూడిపోతాయి. బోరు నీళ్లు పోస్తే లోపల తెల్లగా పెచ్చు కడుతుంది. అందుకని వానాకాలంలో చూరు నీళ్లు పట్టి, అత్తయ్య పాత చీరతో వడగట్టి, ఇత్తడి బిందెలో దాచేవారు. "మనుషులేమో బోరు నీళ్లు తాగాల, బండికేమో వడగట్టి పోయాల!" అని అత్తయ్య వంటింట్లోంచి అరిచేవారు. ఆయన నోరు మెదిపేవారు కాదు.

కోతల రోజుల్లో ఊరంతా పొట్టు ఎగురుతుంది. అప్పుడు రోజు విడిచి రోజు ఎయిర్ ఫిల్టర్ విప్పి దులిపేవారు. ఫ్యాన్ బెల్టును బొటనవేలితో నొక్కి ఎంత వదులైందో చూసేవారు. బ్యాటరీ మీద పట్టిన తెల్లటి పూతను వేడినీళ్లతో కడిగి గ్రీజు రాసేవారు. చివరగా ఇంజన్ స్టార్ట్ చేసి, దాని మీద అరచెయ్యి పెట్టి కళ్లు మూసుకునేవారు. పిల్లవాడికి జ్వరం వచ్చిందేమోనని నుదురు చూసినట్టు ఉండేది.

బండిని అంత బాగా చూసుకునే మనిషికి రోడ్డు మీద మాత్రం మంచి పేరు లేదు. వెనక ఎవరు ఎంత హారన్ కొట్టినా పక్కకు తప్పుకోరు. ఒకసారి బిచ్కుంద నుంచి వస్తూ ఒక బస్సును మైళ్ల కొద్దీ వెనకాలే నడిపించారట. మర్నాడు ఆ డ్రైవర్‌కు వంశీ బజారులో కనిపించాడు. డ్రైవర్ అతన్ని అక్కడే నిలబెట్టి దులిపేశాడు.

"మీ నాయిన సైడ్ ఇస్తలేడు భయ్. హారన్ కొట్టి కొట్టి నా చెయ్యి నొచ్చింది. రోడ్డు ఆయన పట్టానా ఏంది? రేపు ఏమన్నయితె మమ్మల్ని అనొద్దు."

వంశీ ఇంటికొచ్చి, అన్నం ముందు కూర్చున్న తండ్రికి ఎదురుగా నిలబడి తేల్చి చెప్పేశాడు. "నాన్నా, ఇంకొక్కసారి ఎవరన్నా ఇట్టా అంటే తాళం నేను తీసుకుంటా. బండి అమ్మేస్తా." మామగారు చేతిలో ముద్ద దించి కొడుకు మొహంలోకి చూశారు. ఎడమ చెయ్యి దానంతటదే బనీను జేబు మీదికి వెళ్లింది. ఆ తాళం పోతే ఈయన ఏమైపోతారో అనిపించింది నాకు. అయినా పెద్దగా జాలి పడలేదు.

ఎందుకంటే ఆయన మీద నాకూ మంట ఉంది. "మామయ్యా, కాఫీ తేనా?" అని గుమ్మంలోంచి అడిగితే పలకరు. "అత్తయ్య పిలుస్తున్నారు" అంటే తిరిగి చూడరు. ఎదురుగా వెళ్లి నిలబడితే మాత్రం, "ఏందమ్మా?" అని ఎంతో మెత్తగా అడుగుతారు. కొత్త కోడలిని, నాకు తోచింది ఒక్కటే. నేను ఈయనకు నచ్చలేదు. ఆ బాధ అత్తయ్య దగ్గర వెళ్లబోసుకుంటే, "నాతోనే మాట్లాడడు, నీతో ఏం మాట్లాడతాడు? ఆ మిల్లు ఇంజన్‌తో ఉండి ఉండి ఆయనకు మనుషులంటే విసుగొచ్చింది," అని కొట్టిపారేశారు.

ఆయనకున్న ఒకే ఒక్క స్నేహితుడు లియాఖత్. బస్టాండు వెనక మెకానిక్ షెడ్డు అతనిది. ఇంజన్ లోపల ఏదైనా తేడాగా ఉంటే, లియాఖత్ పొడుగాటి స్క్రూడ్రైవర్ మొన ఇంజన్‌కు ఆనించి, పిడిని చెవి దగ్గర పెట్టుకుని వినేవాడు. మామగారు అదే పిడిని పళ్ల మధ్య పట్టుకునేవారు. "బాబన్న ఇంజన్‌ను కొరికి చూస్తడు చెల్లె, తీపుందా చేదుందా అని," అంటూ లియాఖత్ నవ్వేవాడు. మేమూ నవ్వేవాళ్లం.

రెండు వేల రెండు ఫిబ్రవరిలో లియాఖత్ నిజామాబాద్ నుంచి కొత్త రబ్బరు దిమ్మలు తెప్పించాడు. కారులో ఇంజన్ కూర్చునేది వాటి మీదే. పాతవి ఎండిపోయి, పగిలి, చేత్తో నలిపితే పొడి అయ్యేలా ఉన్నాయి. ఇంజన్ తిరుగుతుంటే దాని వణుకంతా బండికి ఎక్కేది. స్టీరింగ్ వణికేది, సీట్లు వణికేవి. పిట్లం వెళ్లి వచ్చేసరికి నాకు నడుం పడిపోయేది.

ఇద్దరూ మా ఇంటి షెడ్డులోనే ఇంజన్‌ను జాకీతో ఎత్తి దిమ్మలు మార్చారు. కార్బురేటర్ కడిగారు, ప్లగ్గులు శుభ్రం చేశారు. బండి స్టార్ట్ చేశాక లియాఖత్ నన్ను నీళ్లు అడిగాడు. తాగడానికేమో అనుకుని స్టీలు గ్లాసు నిండా తెచ్చిస్తే, తీసుకెళ్లి నడుస్తున్న ఇంజన్ మీద పెట్టాడు. చుక్క తొణకలేదు.

"చూడు బాబన్నా! నీళ్లు కదుల్తలేవు. గీ బండి నడుస్తుందా పండుకున్నదా, ఎవ్వనికి తెలుస్తది ఇగ?"

మామగారు గ్లాసు వైపే చూస్తూ చిన్నపిల్లాడిలా నవ్వారు. ఆయన అలా నోరారా నవ్వడం నేను చూసింది అదే మొదలు.

మర్నాడు పిట్లంలో అత్తయ్య తమ్ముడి గృహప్రవేశం. వంశీ పొలంలో మందు కొట్టించి తర్వాత వస్తానన్నాడు. మామగారు బండి స్టార్ట్ చేసి, దిగి, బానెట్ ఎత్తి లోపల ఒకసారి చూసుకున్నారు. మూసేసి, చేతులు తుడుచుకుని వచ్చి కూర్చున్నారు. నేను వెనక సీట్లో ఉన్నాను. అత్తయ్య ఇంట్లో తలుపులు వేస్తున్నారు. ఇంజన్ మెత్తగా నడుస్తూనే ఉంది. ఆయన రెండు చేతులూ స్టీరింగ్ మీద వేసి ఆగిపోయారు. మొహం వాడిపోయింది. తాళం తిప్పారు.

నడుస్తున్న ఇంజన్‌కు మళ్లీ తాళం తిప్పితే ఇనుము ఇనుమును కొరికినట్టు కీచుమంటుంది. చూరు మీది పావురాలు లేచిపోయాయి. పక్కింటివాళ్లు గోడ మీదుగా తొంగిచూశారు. నేను రెండు చెవులూ మూసుకున్నాను. ఆయన కనురెప్ప కూడా కదలలేదు. నుదురు చిట్లించి, మళ్లీ తిప్పారు.

ఒక్క బోల్టు వదులైతే నిద్రపోని మనిషి, బండి అంతలా అరుస్తుంటే ఉలిక్కిపడలేదు. అప్పుడు అర్థమైంది నాకు. గుమ్మంలోంచి అడిగిన కాఫీ, బస్సు హారన్లు, పళ్ల మధ్య స్క్రూడ్రైవర్, అన్నీ ఒక్కసారే అర్థమయ్యాయి. మిల్లు ఇంజన్ ఆయన చెవులను ఎప్పుడో తినేసింది. బండి నడుస్తోందో ఆగిందో ఇన్నేళ్లూ ఆ వణుకును బట్టే తెలుసుకున్నారు. నిన్న తన చేతులతోనే ఆ వణుకు తీసేశారు.

దిగి పరుగెత్తి, కిటికీలోంచి ఆయన మణికట్టు పట్టుకున్నాను. ఆయన నా పెదాల వైపు చూశారు.

"నడుస్తోంది మామయ్యా. ఆగిపోలేదు."

ఆయన చెయ్యి తాళం మీద నుంచి జారిపోయింది. "వంశీకి చెప్పబాకమ్మా," అన్నారు. "తాళం తీసుకుంటాడు. బండి అమ్మేస్తాడు. ఇంక నేను పొద్దున్నే లేచి ఏం చెయ్యాల?"

నాకు ఏడుపొచ్చింది. సగం ఆయన మీద జాలితో. మిగతా సగం, నేను ఆయనకు నచ్చకపోవడం కాదని తెలిసిన సంతోషంతో. అలాంటప్పుడు సంతోషం కలిగినందుకు సిగ్గేసింది కూడా. కానీ బస్సులు, ఆటోలు, బడి పిల్లలు తిరిగే రోడ్డు కళ్ల ముందు మెదిలింది. "నేను చెప్పను. మీరే చెప్పాల. చెప్పిందాకా బండి గేటు దాటకూడదు," అన్నాను, ఒక్కో మాట విడివిడిగా. అత్తయ్య బయటికొచ్చి ఏందా గోల అని అడిగితే, బండి మొరాయించిందన్నాను. ముగ్గురం బస్సులో పిట్లం వెళ్లాం. దారంతా ఆయన కిటికీలోంచి బయటికే చూస్తూ కూర్చున్నారు.

తర్వాత కొన్నాళ్లు ఆయన మామూలుగానే బానెట్ ఎత్తారు, ఆయిల్ చూశారు, నీళ్లు పోశారు, మూసేశారు. బండి మాత్రం షెడ్డు దాటలేదు. వంశీ అడిగితే ఏదో పార్టు రావాలన్నారు. నేను నోరు తెరవలేదు గానీ, అన్నం వడ్డించేటప్పుడల్లా ఆయన కళ్లలోకి సూటిగా చూసేదాన్ని. నేను మొండిదాన్నని మా అమ్మ ఊరికే అనలేదు.

ఒక ఆదివారం మధ్యాహ్నం అందరం భోజనానికి కూర్చున్నాం. మామగారు ఎడమ చేత్తో పిన్నీసు విప్పి, తాళం తీసి నా కంచం పక్కన పెట్టారు.

"నాకు చెవులు పోయినయ్ రా వంశీ. మిల్లులోనే పోయినయ్. చెప్తే బండి కొననివ్వరని చెప్పలా. చెవుల్లేనోడు రోడ్డు మీద బండి తోలకూడదు. తాళం అమ్మాయి దగ్గర ఉంటది. బానెట్ నా దగ్గర ఉంటది. దాని జోలికి ఎవరూ రాబాకండి."

అత్తయ్య లేచి వంటింట్లోకి వెళ్లి, కాసేపటికి కళ్లు తుడుచుకుంటూ వచ్చారు. "ఇన్నేళ్లూ వెనక నుంచి పిలిచి పిలిచి, పలకట్లేదని ఎన్ని తిట్టుకున్నానో," అన్నారు. అది ఆయనకు అందలేదు. అత్తయ్య తన కంచం జరుపుకుని ఆయనకు ఎదురుగా వచ్చి కూర్చున్నారు. ఆ రోజు నుంచి భోజనాల దగ్గర ఆవిడ చోటు అదే.

వంశీ ఆయన్ను నిజామాబాద్ తీసుకెళ్లి చెవి మిషన్ పెట్టించాడు. అందులో రొద తప్ప మాట తెలియడం లేదని నాలుగు రోజులకే తీసి డబ్బాలో పెట్టేశారు.

నాకు డ్రైవింగ్ నేర్పింది ఆయనే, కాలువ గట్టు మీద. పక్క సీట్లో కూర్చుని అరచెయ్యి డ్యాష్‌బోర్డు మీద పెట్టేవారు. ఇంజన్ మీద బరువు పడితే, కొత్త దిమ్మలున్నా ఆ కాస్త వణుకు ఆయన చేతికి తెలిసేది. "గేరు మార్చమ్మాయ్, కష్టపడతంది," అనేవారు, నాకు చప్పుడు తేడా తెలిసేలోపే. కోడలు తోలుతుంటే మామ పక్కన కూర్చోవడం చూసి బజారులో జనం నవ్వుకున్నారు. లియాఖత్ మాత్రం నవ్వలేదు. "గా స్క్రూడ్రైవర్ మీద నేనెన్ని మస్కిరీలు చేస్తి చెల్లె," అని తల పట్టుకున్నాడు.

లైసెన్సు చేతికొచ్చాక మొదటిసారి మామగారినీ అత్తయ్యనూ ఎక్కించుకుని పిట్లం బయల్దేరాను. ఊరు దాటగానే వెనక బస్సు హారన్ కొట్టింది. పక్కకు తీసి దారి ఇచ్చాను. బస్సు మమ్మల్ని దాటిపోతుంటే మామగారు అటు చూసి, "హారన్ కొట్టాడా?" అని అడిగారు. తల ఊపాను. ఇంకొంచెం దూరం పోయాక చెట్ల కింద ఆపమన్నారు. ఇంజన్ మాత్రం ఆపొద్దని చేత్తో సైగ చేశారు. నా మొహం బాగా కనబడేలా నా వైపు తిరిగి కూర్చున్నారు.

"ఎట్టా ఉంటదమ్మా, వినడానికి?"

నాకు ముందు అర్థం కాలేదు. తర్వాత తట్టింది. ఆయన చెవులు పోయాకే ఈ బండి ఇంటికొచ్చింది. పదేళ్లుగా అంత అపురూపంగా చూసుకుంటున్న ఇంజన్ చప్పుడు ఆయన ఒక్కసారి కూడా వినలేదు.

బాగుంది అని చెప్పి ఊరుకోవడానికి మనసొప్పలేదు. కళ్లు మూసుకుని విన్నాను. వెనక అత్తయ్య కూడా మాట ఆపేశారు.

"పక్క గదిలో అత్తయ్య చేటలో బియ్యం చెరుగుతున్నట్టుంది మామయ్యా," అన్నాను. "అంత మెత్తగా. ఎక్కడా లయ తప్పడం లేదు."

నా పెదాలు కదలడం ఆగాక కూడా ఆయన కాసేపు అలాగే చూశారు. తర్వాత వెనక్కి తిరిగి, అత్తయ్య ఒడిలో ఉన్న ఆవిడ చేతుల వైపు చూశారు.

"ఆ చప్పుడు నాకు గుర్తుందమ్మా," అన్నారు. "పోనియ్ ఇంక."