ఆకురాయి గీతలు

టుక్‌టుక్ డ్రైవరు సావుత్ ఒంటి మీది నంబరు కోటు విప్పించినవాడు రథనక్.

అది చాటుగా జరగలేదు. ప్రాసాత్ స్వాయ్ గుడి గడప దగ్గర, ముప్పైమంది టుక్‌టుక్ డ్రైవర్లు చూస్తుండగా, పట్టపగలు జరిగింది. ఆ రోజు సావుత్ ఒక ముసలి దంపతులకు గోడ మీది దేవకన్యల్ని చూపిస్తున్నాడు. నిజానికి చూపించకూడదు. డ్రైవరు గుడి బయట ఆగిపోవాలి, లోపల నోరు విప్పే హక్కు యూనిఫాం వేసుకున్న గైడుకే ఉంది. కానీ అది ఊరికి దూరంగా ఉన్న చిన్న గుడి, అడిగేవాడు లేడు. ఆ ముసలామె రాతి జడను చూసి ముచ్చటపడితే, అది ఎన్ని పాయలో, ఏ పాయ ముందు చెక్కి ఉంటారో చెబుతున్నాడు. అప్పుడు వెనక నుంచి గొంతు వినిపించింది.

"సార్, వీడే. వీడికి లైసెన్సు లేదు. రోజూ ఇదే పని."

ఇద్దరు పోలీసుల్ని వెంటబెట్టుకుని రథనక్ నిలబడి ఉన్నాడు. గైడు యూనిఫాం వేసుకుని అప్పటికి వారమే అయింది, మడతలు ఇంకా పోలేదు.

ఆ రథనక్ అంతకుముందు రెండు వర్షాకాలాలు సావుత్ బండిలోనే కూర్చున్నాడు. ఒక గెస్ట్‌హౌస్‌లో బల్లలు తుడిచే కుర్రాడిగా ఉన్నప్పుడు "అన్నా, నాకు రాళ్ల గురించి చెప్పన్నా" అంటూ చెరకురసం గ్లాసు పట్టుకుని వచ్చేవాడు. సావుత్ చెప్పేవాడు. ఏ రాయి ఏ కొండ నుంచి ఏనుగుల మీద వచ్చిందో, సున్నం లేకుండా రాయి మీద రాయి ఎలా అరగదీసి అతికించారో అన్నీ చెప్పాడు. రథనక్ రాసుకున్నాడు, పరీక్ష పాసయ్యాడు. సావుత్ ఆ పరీక్ష రాయలేడు. పన్నెండో తరగతి కాగితం కావాలి, అతను నాలుగుతోనే బడి మానేశాడు. రాళ్లు చదవడం వచ్చినవాడికి కాగితం లేదు. కాగితం ఉన్నవాడికి, తనకి రాళ్లు చదివి వినిపించినవాడు కళ్ల ముందు తిరుగుతుంటే తిన్నది అరగలేదు. సంగతి అంతే.

పోలీసులు కోటు విప్పమన్నారు. విప్పాడు. కింద చిరిగిన బనీను ఉంది. డ్రైవర్లలో ఎవడో కిసుక్కున నవ్వాడు. ముసలామెకు భాష అర్థం కాలేదు. ఒక మనిషిని పోలీసులు పట్టుకున్నారని మాత్రం అర్థమైంది. అంతవరకు జడ పాయలు లెక్కపెడుతున్న ఆవిడ చేతిసంచి గుండెలకు హత్తుకుని రెండడుగులు వెనక్కి వేసింది.

ఆ రెండడుగుల్ని సావుత్ ఏనాడూ మర్చిపోలేదు. ఆర్నెల్లు బండి తోలనివ్వలేదు, ఐసు దిమ్మెలు మోసి బతికాడు. భుజాలు చల్లబడేవి. కడుపులో మంట మాత్రం చల్లారలేదు.

ఇప్పుడు అతని దగ్గర ఉన్న ఒకే ఒక్క ఆయుధం గురించి చెప్పాలి. అది ముందు అతని గొంతుకే గుచ్చుకునే ఆయుధం.

ప్రాసాత్ స్వాయ్‌ని మళ్లీ నిలబెట్టినవాళ్లలో సావుత్ ఒకడు. అప్పుడతనికి పందొమ్మిదేళ్లు. కూలిన గోడ రాళ్లన్నీ గడ్డిలో వరసగా పరిచి, నంబర్లు వేసి, గొలుసు కప్పీతో ఒక్కొక్కటే ఎత్తి పేర్చేవారు. ఆ పనికి పెద్దమేస్త్రీ అతని తండ్రి లాయ్ ప్రింగ్. ప్రింగ్ నంబరును నమ్మేవాడు కాదు. రాయి అడుగున అరచెయ్యి పెట్టి నిమిరి, కింది రాయి పైభాగం నిమిరి, అప్పుడు తల ఊపేవాడు. "పాతవాళ్లు రాయికి రాయిని పెళ్లిచేసి పోయారు. మనం జంటలు మార్చకూడదు" అనేవాడు.

ద్వారానికి ఎడమ పక్క నలుగురు దేవకన్యలు, కుడి పక్క నలుగురు. ఎడమవాళ్లు ఎడమకు, కుడివాళ్లు కుడికి, కాపలా కాస్తున్నట్టు బయటికి చూస్తుంటారు. ద్వారాన్ని ఆనుకుని చెరో పక్కా ఉన్న ఇద్దరి తలలూ ఎత్తాల్సిన రోజు ప్రింగ్ జ్వరంతో లేవలేదు. రాత్రి వానకు నంబర్ల రంగు కరిగిపోయింది. పని చేయిస్తున్న విదేశీ దొర గడియారం చూసుకుంటున్నాడు. సావుత్ చేత్తో నిమరలేదు, కంటితో చూసి ఎత్తించాడు. తల మెడ మీద కూర్చోలేదు, రెండు వేళ్ల ఎత్తు లేచింది. దింపి చూడాల్సింది. ఆకురాయి తీసుకుని చెవి కింద అరగదీశాడు. కూర్చుంది. రెండో తలకీ అదే చేశాడు.

ఎనిమిది వందల ఏళ్ల రాయిని అరగదీశాడు.

వారం తర్వాత ప్రింగ్ లేచి వచ్చి చూశాడు. మునివేళ్ల మీద లేచి, చెవి కింద చెయ్యి పెట్టి నిమిరాడు. కొడుకుని ఒక్క మాట అనలేదు. దొర అడిగితే "బాగానే ఉంది" అని కాగితం మీద వేలిముద్ర వేశాడు. కానీ గోడ నిలువు చూడటానికి దారానికి కట్టిన తన సీసం గుండును ఆ రోజు తర్వాత సావుత్ చేతికి ఇవ్వలేదు. చనిపోయేటప్పుడు కూడా పక్కింటి మేస్త్రీకి ఇచ్చిపోయాడు.

అలా ఒకరి తల ఇంకొకరికి మారడం వల్ల ఆ ఇద్దరు దేవకన్యలూ బయటికి కాక ద్వారం మీదుగా ఒకరినొకరు చూసుకుంటూ ఉండిపోయారు. పాఠాలు చెప్పే రోజుల్లో సావుత్ రథనక్‌తో "వీళ్లిద్దరూ మిగతావాళ్లలా చూడరు" అని మాత్రం అన్నాడు. ఎందుకో చెప్పడానికి సిగ్గుపడ్డాడు.

ఆ ఒక్క ముక్క మీద రథనక్ మేడ కట్టాడు. వాళ్లిద్దరూ అక్కచెల్లెళ్లట. రాజు అక్కను అంతఃపురానికి తీసుకుపోయి, చెల్లెల్ని గుడికి ఇచ్చేశాడట. శిల్పి వాళ్ల గోడు విని, ఎవరికీ తెలియకుండా చూపులు కలిపాడట. కథ చెప్పి రథనక్ గొంతు తగ్గించి, ద్వారం మధ్యలో నిలబడి, "ఇప్పుడు నేను వాళ్ల చూపుకి అడ్డున్నాను, క్షమించండి" అని పక్కకి తప్పుకునేవాడు. ఆడవాళ్లు కళ్లు తుడుచుకునేవారు. ఒక్కరోజు ప్రయాణానికి బండి, గైడు కావాలన్న ప్రతివాళ్లూ "ఆ అక్కచెల్లెళ్ల గైడు దొరుకుతాడా?" అని అడగడం మొదలైంది.

మొదటిసారి ఆ కథ విన్నప్పుడు సావుత్ తన బండిలో కట్టుకున్న ఊయలలో పడుకుని ఉన్నాడు. లేచి కూర్చున్నాడు. ఇన్నాళ్లూ పొట్టలో దాచుకున్న సిగ్గుకు ఒక పిడి దొరికినట్టయింది.

అప్పుడే చెప్పి ఉండొచ్చు. చెప్పలేదు. అతను ఆ కథను మేపాడు. తన బండెక్కినవాళ్లు మంచి గైడు ఎవరని అడిగితే "రథనక్. ఆ కథ వినకుండా వెళ్లకండి" అనేవాడు.

పక్కబండి పొట్టి టోల్‌కి ఇది మింగుడుపడలేదు. "నీకేమైనా సిగ్గుందా అన్నా? నీ కోటు విప్పించినవాడికి నువ్వే బేరాలు తోలతావా? రేపు వాడి చెప్పులు కూడా మోస్తావేమో."

"మోస్తాను. బరువెంతో తెలియాలిగా" అన్నాడు సావుత్.

"బుర్ర చెడింది నీకు. ఆ ఐసు దిమ్మెలు నెత్తిన పెట్టుకు మోశావా ఏంటి?"

"నువ్వు పేక కలుపు."

పదకొండేళ్లు గడిచాయి. రథనక్‌కి పొట్ట వచ్చింది, జుట్టుకు రంగు వచ్చింది. వేరే గుళ్ల గురించి చదవడం ఎప్పుడో మానేశాడు, ఆ ఒక్క కథే అతనికి అన్నం పెడుతోంది. ఆ ఏడు ఎండలు ముదిరే ముందు, రాజధాని నుంచి మోలికా అనే శిల్పాల పరిశోధకురాలు వస్తున్నట్టు తెలిసింది. ప్రాసాత్ స్వాయ్ ముందు రాతి పలక పెట్టబోతున్నారు. గుడి చరిత్ర, అక్కచెల్లెళ్ల కథ, ఆ కథను వెలికితీసినవాడిగా రథనక్ పేరు దాని మీద చెక్కిస్తారు. ఆవిడ ఒకసారి స్వయంగా చూసి సరేనంటే చాలు.

ఆవిడ వచ్చే రోజు వంతు పొట్టి టోల్‌ది. సావుత్ అతని దగ్గరికి వెళ్లాడు.

"ఆ బేరం నాకియ్యి."

"ఎందుకూ? వాడి పేరు రాయి మీద చెక్కుతుంటే ఉలి పట్టుకుంటావా?"

"అవును."

టోల్ అతని మొహం చూసి వెటకారం మానేశాడు. వంతు ఇచ్చాడు.

పొద్దున్నే బండి ఎక్కుతూ రథనక్ డ్రైవరు సీట్లో సావుత్‌ని చూసి ఒక్క క్షణం ఆగాడు. తర్వాత నవ్వి, "బాగున్నావా అన్నా? మేడమ్, ఈయన ఇక్కడ పాత డ్రైవర్. దారి బాగా తెలుసు" అన్నాడు.

"బాగున్నాను తమ్ముడూ" అన్నాడు సావుత్.

దారిలో తాటిబెల్లం కాచే పొయ్యిల దగ్గర ఆపమంటే ఆపాడు. నీళ్ల సీసా అడిగితే ఇచ్చాడు. గుడి దగ్గర చెట్టునీడన బండి నిలిపాడు. వాళ్లిద్దరూ గడప దాటి లోపలికి వెళ్లారు. సావుత్ సీట్లో కూర్చుని చేతులు చూసుకున్నాడు. ఇప్పుడు నోరు విప్పితే రథనక్ ఒక్కడే కూలడు. ఈ చుట్టుపక్కల పది ఊళ్లలో లాయ్ ప్రింగ్ అంటే ఇప్పటికీ రాయికి ప్రాణం పోసినవాడని చెప్పుకుంటారు. ఆ పేరూ కూలుతుంది. తండ్రి వేలిముద్ర అబద్ధం మీద పడిందని లోకానికి తెలుస్తుంది. కొడుకు కోసం నోరు మూసుకున్న ముసలివాణ్ణి కొడుకే బయటపెట్టాలి.

లోపల నుంచి గాలిలో రథనక్ గొంతు వచ్చింది. "ఇప్పుడు నేను వాళ్ల చూపుకి అడ్డున్నాను, క్షమించండి."

సావుత్ లేచి నంబరు కోటు తనంతట తనే విప్పాడు. మడతపెట్టి సీటు మీద పెట్టాడు. కోటు తీసేస్తే అతను డ్రైవరు కాదు. ఈ దేశంలో పుట్టిన ఖ్మేర్ మనిషి తన గుళ్లో దణ్ణం పెట్టుకోవడానికి టికెట్టూ అక్కర్లేదు, లైసెన్సూ అక్కర్లేదు. గడప పక్కన కూర్చున్న సన్యాసిని దగ్గర మూడు అగరొత్తులు తీసుకుని, వెలిగించి, లోపల బుద్ధుడి ముందు గుచ్చి, వెనక్కి తిరిగాడు.

"మేడమ్, మీరు రాసుకునే ముందు ఒక మాట."

రథనక్ మొహం బిగిసింది. "ఏయ్, నీకిక్కడేం పని? బండి దగ్గరుండు."

"నేను బండివాణ్ణి కాను ఇప్పుడు. దణ్ణానికొచ్చాను." మోలికా వైపు తిరిగాడు. "ఈ ఇద్దరూ అక్కచెల్లెళ్లు కారు మేడమ్. ఈ తలలు మారిపోయినయ్. మార్చింది నేనే. ఇరవై ఆరేళ్ల కిందట, ఈ గోడ నిలబెట్టేటప్పుడు."

"మేడమ్, ఈయనకి నా మీద పాత కక్ష ఉంది" అన్నాడు రథనక్ నవ్వబోతూ. "ఒకసారి దొంగచాటుగా గైడ్ పని చేస్తుంటే పట్టించాను. అప్పట్నుంచి..."

"కక్ష ఉంది" అన్నాడు సావుత్. "లేదని నేననలేదు. కక్షున్నోడు చెప్పినా రాయి రాయే. మేడమ్, ఆ చెవి కింద చెయ్యి పెట్టండి. పాత పని నున్నగా ఉంటది. అక్కడ గరుకుగా తగుల్తది. అది ఆకురాయి. నా చెయ్యి."

మోలికా ముందుకొచ్చింది. చేతిసంచి కింద పెట్టి, మునివేళ్ల మీద నిలబడి, ఎడమ దేవకన్య చెవి కింద వేళ్లు పెట్టింది. జరిపింది. మళ్లీ జరిపింది. రెండో ఆమె దగ్గరికి వెళ్లి అక్కడా పెట్టింది. తర్వాత టార్చిలైటు వేసి, మెడ సందులోకి చూసింది.

"గీతలున్నాయి. అడ్డంగా ఉన్నాయి" అంది.

రథనక్ తనూ వేలు పెట్టి చూసి, చటుక్కున తీసేశాడు.

"ఈ పనికి మేస్త్రీ ఎవరు?" అంది ఆవిడ పుస్తకం తీస్తూ.

రథనక్ సావుత్ పక్కకి జరిగి, పళ్లు కదలకుండా అన్నాడు. "అన్నా, ఆగు. మీ నాన్న పేరు కూడా ఎక్కుతుంది. చచ్చినోణ్ణి ఎందుకు బజారుకీడుస్తావ్?"

సావుత్ అతని వైపు చూడలేదు.

"లాయ్ ప్రింగ్" అన్నాడు గట్టిగా. "నేను లాయ్ సావుత్‌ని. రెండూ రాసుకోండి. ఆయన ఆ రోజు జ్వరంతో పడున్నాడు. తెలిసీ చెప్పలేదు, నాకోసం. అదీ రాయండి."

మోలికా రాసుకుంది. సావుత్ కోటు వేసుకుని బండిని తిరిగి ఊరికి తోలాడు. ఏడుపు వస్తుందేమో అనుకున్నాడు, రాలేదు. ఆకలి వేసింది.

వర్షాలు మొదలయ్యే లోపు రాతి పలక పెట్టారు. మరమ్మతులో రెండు తలలు తారుమారయ్యాయని, ఆ మేస్త్రీ కొడుకే ఆ సంగతి చెప్పాడని దాని మీద ఉంది. ప్రింగ్ పేరు ఉంది. ఊళ్లో కొందరు సావుత్‌తో మాట్లాడటం మానేశారు. అతని తల్లి చెల్లెలు ఎదురుపడితే ఉమ్మి వేసి పోయింది. ఆ పలక చదివిన ఏ యాత్రికుడూ ఇక అక్కచెల్లెళ్ల గైడు కావాలని అడగలేదు. రథనక్ కొన్నాళ్లు పెద్ద గుళ్ల దగ్గర తిరిగాడు. అక్కడ అతని దగ్గర చెప్పడానికి ఏమీ లేదు. కుర్రగైడ్లు అతన్ని చూస్తే ద్వారం మధ్యలో నిలబడి "క్షమించండి" అని పక్కకి తప్పుకుని విరగబడి నవ్వేవారు.

చివరిసారి వాళ్లిద్దరూ కలిసింది మార్కెట్ వెనక, చేపల పులుసు పోసిన బియ్యం సేమ్యా అమ్మే బల్ల దగ్గర. సావుత్ తింటున్నాడు. రథనక్ వచ్చి ఎదురుగా కూర్చున్నాడు. యూనిఫాం లేదు. భార్య ఊరికి పోతున్నానని, అక్కడ మరపడవకి మనిషి కావాలన్నారని చెప్పాడు. సావుత్ తల ఊపి, గిన్నెలోకి అరటిపువ్వు తరుగు వేసుకున్నాడు.

"ఒక్కటి అడుగుతా అన్నా" అన్నాడు రథనక్. "పదకొండేళ్లు ఆ గడప బయటే ఉన్నావ్. రోజూ విన్నావ్. మొదటి రోజే వచ్చి నా మొహం మీద చెప్పొచ్చుగా? ఎందుకు చెప్పలా?"

సావుత్ గిన్నె ఎత్తి, అడుగున మిగిలిన పులుసు తాగి, గళ్ల తువ్వాలుతో మూతి తుడుచుకున్నాడు.

"అప్పుడే చెప్పుంటే నువ్వు ఇంకో కథ వెతుక్కునేవాడివి తమ్ముడూ" అన్నాడు. "వెతుక్కునే వయసు దాటేదాకా ఆగాను."