తడిసిన తెల్లచొక్కా

డెబ్బయ్యో దశకం చివర్లో, నేను గవర్నర్‌పేటలో కొత్త కోడలిని. మా పెళ్లి ఇష్టంలేని మామగారు ఆరు నెలలుగా నాతో మాట్లాడలేదు. ఒక ఆదివారం అందరూ చర్చికెళ్లారు. జ్వరంతో నేనొక్కదాన్నే ఉండిపోయాను. ఇంతలో వంటింట్లో మామగారు వేయించిన రాగి నీళ్ల గొట్టం చిట్లింది. గబగబా వాల్వు కట్టేశాను. చిట్లిన ముక్క రంపంతో కోసేసి, ప్లాస్టిక్ పైపు కొనలు వేడినీళ్లలో మెత్తబరిచి, రాగి గొట్టానికి తొడిగి తీగ చుట్టాను.

వాల్వు తిప్పేసరికి అతుకు ఊడి, అప్పుడే లోపలికొచ్చిన మామగారి తెల్లచొక్కా మీదికి నీళ్లు చిమ్మాయి.

ఆయన వాల్వు కట్టేసి, తీగ అందుకున్నారు. "ఒక్క చుట్టు సరిపోదమ్మా, రెండుచోట్ల బిగించాలి. ఇలా పట్టుకో, చూపిస్తాను" అన్నారు.

ఆయన్ను మెప్పించాలని ఎంతో ప్రయత్నించాను. చివరికి నేను సరిగ్గా చేయలేని పనే మమ్మల్ని కలిపింది.